సరోజ ఇంటిపేరు

పోయిన నెల ఒక ఆదివారం పొద్దున మా తమ్ముడి మనవరాలు హరిణి తన స్నేహితురాలిని వెంటబెట్టుకుని మా ఇంటికి వచ్చింది. మా ఇంటికి ఎవరైనా రావడమే ఈ మధ్య ఒక వార్త. సూలూరులో మగ్గాల షెడ్డు అమ్మేశాక మిగిలిన మూడు గదుల్లో నేనొక్కదాన్నే ఉంటున్నాను. పెళ్ళి చేసుకోలేదు. చేసుకోలేదు కాబట్టే ఇంత పొగరు అని మావాళ్ళంటారు, పొగరు వల్లనే చేసుకోలేదని నేనంటాను. పాలు పోసే మనిషితో తమిళం, మందుల షాపులో తమిళం, బ్యాంకులో సగం ఇంగ్లీషు. తెలుగు మాట్లాడాలంటే తమ్ముడు ఫోను చేయాలి, వాడూ రెండు మాటలయ్యేసరికి తమిళంలోకి జారుకుంటాడు. పొయ్యి మీద పాలు పొంగినప్పుడు మాత్రం నన్ను నేను కడుపారా తెలుగులో తిట్టుకుంటాను. వినడానికి ఎవరూ ఉండరు.

పిల్లలిద్దరూ ప్లస్ వన్, అంటే పదకొండో తరగతి చదువుతున్నారు. సాంఘిక సమస్యల మీద, సంస్కృతిలో వస్తున్న మార్పుల మీద విద్యార్థులు ఏమనుకుంటున్నారో రాసుకురమ్మని వాళ్ళ మిస్సు పని పెట్టిందట. ముందు క్లాసులో అందరినీ అడిగి కాగితాలు నింపించారు. తరువాత అవే ప్రశ్నలు ఇంట్లో పెద్దవాళ్ళలో ఒకరిని అడగాలి. హరిణికి దొరికిన పెద్దదాన్ని నేను. కాఫీ ఇవ్వబోతే మేము కాఫీ తాగం అన్నారు, పాలు ఇస్తానంటే నవ్వారు. చివరికి ఇద్దరూ చెరొక గ్లాసు మంచినీళ్ళు తాగి, ఫ్యాను కింద కాగితాలు ఎగరకుండా నా మందుల డబ్బా బరువు పెట్టి కూర్చున్నారు.

నా జవాబుల కంటే ముందు వాళ్ళ క్లాసు పిల్లల జవాబులు చదివి వినిపించమన్నాను. వినే కొద్దీ నాకు సరదా పుట్టింది. ఆ వయసులో లోకంలోని సమస్యలన్నిటికీ రెండేసి వరుసల్లో పరిష్కారం ఉంటుంది. ఒకబ్బాయి తనకు ఇష్టమైన అమ్మాయిని పెళ్ళి చేసుకుంటాను, ఎవరు అడ్డొచ్చినా వినను అని రాశాడు. కింద ప్రశ్నలో అక్కచెల్లెళ్ళ పెళ్ళి సంగతి వస్తే, అది ఇంట్లోవాళ్ళు చూసి చేస్తేనే మంచిదన్నాడు. చేతికి కులానికో రంగు దారం కట్టుకోవద్దని స్కూల్లో ఆపేస్తే, ఇప్పుడు ఆ రంగులే ఫోన్లో పెట్టుకుంటున్నారని ఒకరు రాశారు. మా అవ్వ తెలుగులో అడుగుతుంది, నేను తమిళంలో జవాబిస్తాను, ఇద్దరికీ ఏ కష్టమూ లేదు అని ఒక అమ్మాయి రాసింది. అవ్వకు కష్టం లేదని ఆ పిల్లకు ఎవరు చెప్పారో. ఇంకొకరు ఎవరో పేరు రాయకుండా ఒకే ఒక్క వరుస రాశారు: మేము ఎవరి కులమూ అడగం, కాని అందరిదీ తెలుసు.

ఆ వరుస విన్నాక నాకు నవ్వు రాలేదు.

హరిణి తెలుగు అంతంత మాత్రం. మాటల మధ్యలో నేను అడకత్తెర అంటే అదేమిటని అడిగింది. పక్కన కూర్చున్న మెర్సీ, అదే ఆ స్నేహితురాలు, వక్కలు కత్తిరించేదని మెల్లగా తమిళంలో చెప్పింది. నీకెట్లా తెలుసమ్మా అన్నాను. మా ఇంట్లో తెలుగే మాట్లాడతాము అవ్వా, అంది. నాకు ప్రాణం లేచి వచ్చింది. వెంటనే నాలుక చివరికి ఒక ప్రశ్న కూడా వచ్చింది. అది నా ప్రశ్న కాదు, మా అవ్వ ప్రశ్న. మింగేశాను. హరిణి తరువాతి ప్రశ్న చదివింది: మీ ఇంట్లో కులాన్ని బట్టి ఎవరినైనా వేరుగా చూశారా? అవును, లేదు. చదువుతూనే, నన్ను అడగాల్సిన పని లేదన్నట్లు, లేదు దగ్గర టిక్కు పెట్టబోయింది. ఆగమన్నాను. ఆ పిల్లలకు ఆ రోజు చెప్పినదే ఇక్కడ రాస్తున్నాను. తెలుగు అక్షరాలు నేను రిటైరయ్యాక చిన్నపిల్లల వాచకం పెట్టుకుని నేర్చుకున్నవి, తప్పులుంటే మన్నించాలి.

మా చిన్నప్పుడు మా ఇంట్లో తెల్లవారడమంటే మగ్గాలు మొదలవడం. గోడకు అవతలే షెడ్డు. ఆ చప్పుడులో పుట్టి పెరిగినవాళ్ళం కాబట్టి దానికి నిద్ర చెడేది కాదు, అది ఆగితేనే మాకు మెలకువ వచ్చేది. దూది పొడి అన్నిటి మీదా వాలేది, దేవుడి పటాల మీదా, ఆరేసిన బట్టల మీదా, కనురెప్పల మీదా. పడుగుకు పట్టించే గంజి వాసన ఎప్పుడూ ఇంట్లోకి కొట్టేది. ఈ రోజుకీ అన్నం వార్చిన గంజి పులిసిన వాసన తగిలితే మా నాయన చెప్పులు విప్పి లోపలికి వస్తున్నట్లే ఉంటుంది. అవ్వ, అంటే మా నాయన తల్లి, వీధి గుమ్మంలో కాళ్ళు చాపుకుని కూర్చుని వక్కలు కత్తిరించేది. ఆవులిస్తే పేగులు లెక్కపెట్టే మనిషి. చదువు లేదు గాని, సూలూరు నుంచి మధురై దాకా, అక్కడి నుంచి కంబం లోయ దాకా ఉన్న మావాళ్ళ ఇంటిపేర్లన్నీ ఆవిడ నోట్లో ఉండేవి.

ఈ ఇంటిపేర్ల సంగతి కొంచెం చెప్పాలి. మా తమిళ దేశంలో ఇంటిపేరు ఏ కాగితంలోనూ ఉండదు. స్కూలు రిజిస్టరులో నాయన పేరులోని మొదటి అక్షరం ఒక్కటే. ఇంటిపేరు పెళ్ళి మాటలప్పుడు, కులదేవత పూజప్పుడు తప్ప బయటికి రాదు. అందుకే దాన్ని పెద్దవాళ్ళు నగలాగా దాచుకునేవాళ్ళు. బస్సులోనో సంతలోనో ఎవరైనా తెలుగు మాట్లాడుతూ వినబడితే చాలు, అవ్వ మొహం వెలిగేది. తెలుగంటే మనవాళ్ళే అని ఆవిడ లెక్క. దగ్గరికి పిలిచి ఇంటిపేరు అడిగేది, రెండు నిమిషాల్లో చుట్టరికం తేల్చేది. మా పెరటివైపు పనికి వచ్చేవాళ్ళూ తరతరాలుగా తెలుగే మాట్లాడేవాళ్ళు, మా తెలుగు కంటే తేటగా. వాళ్ళ తెలుగు మాత్రం అవ్వ చెవికి తెలుగుగా వినబడేది కాదు. వాళ్ళు పెరటి దారినే వచ్చి పెరటి దారినే వెళ్ళేవాళ్ళు. మజ్జిగ పోయాలన్నా, మిగిలిన కూడు పెట్టాలన్నా, వాళ్ళ గిన్నె వాళ్ళు చాపితే ఇవతలి నుంచి తగలకుండా పైనుంచి వంచేవాళ్ళం. నేనూ వంచాను. అది తప్పని అప్పటికి నాకు తట్టలేదు.

సరోజ నా హైస్కూలు స్నేహితురాలు. తమిళ పిల్లల మధ్య మేమిద్దరమే తెలుగువాళ్ళమని కనిపెట్టింది లెక్కల పరీక్షలో. ముందు బెంచీలో కూర్చున్న పిల్ల వేళ్ళు మడుస్తూ, పెదవులు కదుపుతూ, ఏడు ఎనిమిది తొమ్మిది అని గొణుక్కుంటోంది. చదువు ఏ భాషలో చెప్పినా మనిషి లెక్క పెట్టుకునేది ఇంటి భాషలోనే. పరీక్ష అయ్యాక వెనక నుంచి నేను పది అన్నాను. ఆమె ఉలిక్కిపడి తిరిగి చూసింది. ఆ రోజు నుంచి మేము వీడలేదు. టీచర్ల ఎదుటే టీచర్ల మీద తెలుగులో జోకులు వేసుకునేవాళ్ళం. ఇంట్లో పెద్దవాళ్ళ భాషగా ఉన్నది ఆ పిల్ల వల్ల నా వయసు భాష అయింది. అంతకుముందుగాని, ఆ తరువాతగాని నాకు అట్లాంటి స్నేహం దొరకలేదు, ఇక దొరకదు కూడా.

సరోజ ఎవరో నాకు తెలుసా? తెలుసు. అడగలేదు, ఆమె చెప్పలేదు, అయినా తెలుసు. బస్సు ఎక్కడ దిగేదో, ఎటువైపు నడిచేదో, వాళ్ళమ్మ తెల్లవారకముందే టౌనులో వీధులు ఊడవడానికి వెళ్తుందని ఎవరో అన్నదీ అన్నీ కలిపి నాకు తెలుసు. దాన్ని గురించి మాట్లాడకపోవడమే నా గొప్పతనమని అనుకునేదాన్ని. క్లాసు పిల్లల కాగితంలో ఆ ఒక్క వరుస విన్నప్పుడు నాకు ఎందుకు గుచ్చుకుందో ఇప్పుడు మీకు అర్థమై ఉంటుంది.

ఆఖరి ఏడాది స్కూల్లో మాట్లాడే పోటీ పెట్టారు. మారుతున్న సమాజం అనేది విషయం. క్లాసుకు ఒకరే మాట్లాడాలి. గొంతు నాది పెద్దది, బుర్ర సరోజది పెద్దది. ఇద్దరం కలిసి రాసి నేను మాట్లాడాలని అనుకున్నాము. మార్పు చట్టంలో రాస్తే రాదు, వంటింట్లో మొదలైతేనే వస్తుంది అనే మాట ఆమెదే. ఆ వరుస రాసినప్పుడు పెన్సిలు కొరుకుతూ చాలాసేపు ఆలోచించింది. ఆదివారం మా ఇంట్లో కూర్చుని అభ్యాసం చేద్దామని నేనే పిలిచాను. అమ్మా నాయనా ఆ రోజు పెళ్ళికి మధురై వెళ్ళారు, ఇంట్లో అవ్వ ఒక్కతే ఉంటుంది, ఏమీ కాదులే అనుకున్నాను. సరోజ వద్దంది. రెండుసార్లు వద్దంది. నేను వినలేదు.

వీధి గుమ్మంలోనే అవ్వ దొరికింది. సరోజ నాతో ఏదో తెలుగులో అన్నది ఆవిడ చెవిలో పడింది. చేతిలో అడకత్తెర పక్కన పెట్టింది.

"ఏమ్మా, తెలుగు పిల్లవా? ఇన్నాళ్ళు ఎక్కడ దాగుంటివి కన్నా? ఎవరింటి పిల్లవి, మీ ఇంటిపేరేమి?"

సరోజ నోరు తెరిచింది. ఏం చెప్పేదో నాకు ఇప్పటికీ తెలియదు. ఆమె చెప్పకముందే నేను అందుకున్నాను.

"మల్లెల వాళ్ళు అవ్వా. కంబం పక్క."

మల్లెల మావాళ్ళలో ఉన్న ఇంటిపేరే, కంబం మా అమ్మ పుట్టిల్లు. అంత దూరం వెళ్ళి అవ్వ విచారించలేదని ధైర్యం. అవ్వ కళ్ళు మూసుకుని ఎవరెవరినో తలచుకుని, అట్లయితే ఈ పిల్ల మనకు వరసే, నువ్వు దీన్ని వదినా అని పిలవాలి అని తేల్చేసింది. సరోజ చెయ్యి పట్టుకుని ఆవిడే వంటింట్లోకి తీసుకుపోయింది. ఆ రోజు సంతగ చేస్తోంది. ఉడికించిన బియ్యప్పిండి ముద్దలను వేడివేడిగా మరలో వేసి సన్నటి పోగులుగా వత్తాలి. ఒకరు మర కాళ్ళు పట్టుకోవాలి, ఒకరు పైపిడి తిప్పాలి. అమ్మ లేదు, నా చేతుల్లో బలం లేదు. సరోజను తిప్పమంది అవ్వ. సరోజ నా వైపు చూసింది. తిప్పు అన్నట్లు తల ఊపాను. నాకు లోపల భయంగానూ ఉంది, సంతోషంగానూ ఉంది. అవ్వను గెలిచేశానని, మేము రాసుకున్న వరుస నిజం చేసేశానని కూడా అనుకున్నాను. నాకు పదహారేళ్ళు, అంతకంటే తెలివి లేదు.

అప్పుడు పెరటి గుమ్మం దగ్గర రంగమ్మ వచ్చి నిలబడింది. షెడ్డులో దూది పొడి ఊడ్చే మనిషి. మజ్జిగ కోసం గిన్నె చాపింది. అవ్వ చెంబుతో పైనుంచి పోస్తోంది. రంగమ్మ ఎందుకో తలెత్తి వంటింట్లోకి చూసింది. సరోజ చేతులు పిడి మీద ఆగిపోయాయి. ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. గిన్నె నిండి మజ్జిగ కింద కారింది, పట్టుకునేది చూసుకోవద్దా అని అవ్వ విసుక్కుంది. రంగమ్మ తల వంచుకుని వెళ్ళిపోయింది. సరోజ మళ్ళీ పిడి తిప్పింది. అవ్వ కొబ్బరిపాలూ బెల్లమూ పోసి పెడితే తిన్నది, తలలో మల్లెపూలు తురిమితే తురమనిచ్చింది, అడిగినదానికల్లా ఔనవ్వా అంది. అభ్యాసం చేయలేదు.

బస్సు కోసం ఇద్దరం రోడ్డు దాకా నడిచాము. ఎయిర్‌ఫోర్సు విమానం ఒకటి నెత్తి మీదుగా పోయింది. ఆ మోత తగ్గాక ఆమె నన్ను చూడకుండా చెప్పింది.

"రంగమ్మ మా చిన్నమ్మ. మా అమ్మకు సొంత చెల్లెలు. నా ముందర గిన్నె చాచి నిలబడె. చిన్నమ్మా అని పిలవలేకపోతిని."

అవ్వ ఏమన్నా అంటుందని భయపడి చెప్పాను, నీకోసమే చెప్పాను అన్నాను.

"అంటే అననీ. లేచి వచ్చేసుందును. మాకూ ఇంటిపేరు ఉండాది. నువ్వు చెప్పింది మాది కాదు."

అంతే అంది. చెప్పి, నా మొహంలోకి చూసింది. అప్పుడు నేను అనాల్సిన మాట ఒకటి ఉంది. నేను బస్సు వస్తా ఉండాది అన్నాను.

సోమవారం నేను తెలుగులో పలకరిస్తే సరోజ తమిళంలో జవాబిచ్చింది. కోపంగా కాదు, మిగతా పిల్లలతో మాట్లాడినట్లే, మర్యాదగా. నోటుపుస్తకం అడిగితే ఇచ్చేది, టైమెంతంటే చెప్పేది. ఆ ఏడాది చివరిదాకా ఒక్క తెలుగు మాట నాతో అనలేదు. పోటీలో నేను మాట్లాడాను. వంటింటి వరుస దగ్గర అందరూ చప్పట్లు కొట్టారు, నాకే మొదటి బహుమతి వచ్చింది. సరోజ మూడో వరుసలో కూర్చుని ఉంది. ఆమె చప్పట్లు కొట్టిందో లేదో చూసే ధైర్యం నాకు లేకపోయింది. పరీక్షలయ్యాక ఆమె ఎటు పోయిందో తెలియదు. వెతకలేదు. నూలు పరీక్షించే ల్యాబులో ఉద్యోగం చేసిన ముప్పై ఏళ్ళలో ఎంతమందినో ఎన్నో వివరాలు అడిగాను, ఆమె ఆచూకీ ఒక్కరినీ అడగలేదు.

రంగమ్మ మాత్రం మా షెడ్డులోనే ఇంకా చాలా ఏళ్ళు పనిచేసింది. ఆ రోజు సంగతి ఎవరికీ చెప్పలేదు. చెప్పి ఉంటే వంటిల్లు కడిగించి, మర పారేయించి, ఊరంతా తెలిసేలా శుద్ధి చేయించేవాళ్ళు, సరోజను ఏమనేవాళ్ళో ఊహించలేను. నా అబద్ధాన్ని కాపాడింది ఆమె మౌనమే. అవ్వ పోయేదాకా ఆ మల్లెల పిల్ల మళ్ళీ రాలేదేమే అని అడుగుతూనే ఉండేది. ఒకసారి అమ్మ వింటుండగా అడిగింది. కంబం పక్క మల్లెల వాళ్ళు ఎవరూ లేరే అని అమ్మ నావైపు చూసింది. మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. మా ఇంట్లో అందరికీ అన్నీ తెలిసేవి, ఎవరూ ఏమీ అడిగేవాళ్ళు కాదు.

ఇదంతా చెప్పి ముగించేసరికి ఎండ గుమ్మం దాటి లోపలికి వచ్చింది. షెడ్డు ఉన్న చోట ఇప్పుడు పెళ్ళి మండపం కట్టారు, ముహూర్తం లేని రోజు అక్కడ చీమ చిటుక్కుమన్నా వినబడుతుంది. అవును దగ్గర టిక్కు పెట్టు, కింద నా పేరు రాయి, జరిగింది రాయి అన్నాను. హరిణి మొహం ఎర్రబడింది. మెర్సీ వైపు చూడలేకపోతోంది. మంచి పిల్లే, అంతకుముందు అరగంట సేపు సమానత్వం గురించి నాకే పాఠం చెప్పింది.

"పేరు వేండాం అవ్వా, వద్దు. మిస్సు క్లాసులో చదువుతుంది. మన ఇంటి సంగతి అందరికీ తెలిసిపోతుంది. ఎవరో ఒక పెద్దావిడ అని పెట్టుకుందాం."

ఆ పిల్లను ఏమనను? పదహారేళ్ళ వయసులో నేను చేసింది ఇంకేమిటి? కాలం చాలా మారిందంటారు, నిజంగానే మారింది. ఇప్పుడు మెర్సీ మా ముందు గదిలో కుర్చీ మీద కూర్చుని, మా గ్లాసుతో నీళ్ళు తాగి, ఎవరికీ భయపడకుండా మా ఇంట్లో తెలుగే అని చెప్పగలిగింది. అయినా మా ఇంటి మర్యాద ఇంకా ఆ పెరటి గుమ్మం దగ్గరే కాపలా కాస్తోంది. నా పేరు పెట్టకపోతే ఆ కాగితం చించేయమన్నాను. కొంచెం గట్టిగానే అన్నాను, తరువాత బాధ వేసింది.

మెర్సీ హరిణి చేతిలోంచి పెన్ను తీసుకుంది. నేను రాస్తాను అవ్వా అంది. ఇద్దరూ ఒకరి పక్కన ఒకరు వంగి, కొంతసేపు అడుగుతూ, కొంతసేపు తమలో తాము గుసగుసలాడుతూ జరిగినదంతా తమిళంలో వరుసగా రాసుకున్నారు. నా పేరు రాశారు. అవ్వ అన్న మాట రాశారు. రంగమ్మ గిన్నె రాశారు. రోడ్డు మీద సరోజ అన్న మాటల దాకా వచ్చాక మెర్సీ పెన్ను ఆపి తలెత్తింది.

"ఆ అక్క ఇంటిపేరు ఏమి అవ్వా?"

ఎంత మామూలు ప్రశ్న. అడగడానికి ఆ పిల్లకు ఒక్క క్షణం పట్టలేదు. తెలియదమ్మా అన్నాను. ఆమె తల ఊపి, తెలియదు అని రాసింది. వంగి ఆ మాట చదివాను. యాభై ఏళ్ళుగా సరోజ నన్ను వదిలేసిందని నాలో నేను ఏడ్చుకున్నాను, నాకెవరూ లేకుండా పోయారని నా మీద నేనే జాలిపడ్డాను.

"అది కొట్టేయమ్మా," అన్నాను. "అడగలేదు అని రాయి."